నురగ ఉండగానే

మొన్న మా మనవడు కాఫీ తాగిస్తానని నన్ను బయల్దేరదీశాడు. ఇంట్లో కాఫీపొడి ఉంది, పాలున్నాయి, మీ మామ్మ ఉంది, ఇంక బయటికెందుకురా అంటే వింటేనా. తీసుకెళ్ళి చల్లటి గదిలో, కూర్చుంటే లేవలేని సోఫాలో కూలేశాడు. కాసేపటికి వెడల్పాటి పింగాణీ కప్పు ఒకటి వచ్చింది. కాఫీ మీద తెల్లటి నురగ, ఆ నురగలో ఆకు బొమ్మ, ఈనెలతో సహా. "తాగకు తాతా, ఒక్క నిమిషం" అని వాడు ఫోను తీసి పైనుంచి ఒకటి, పక్కనుంచి ఒకటి, నా మొహంతో కలిపి ఒకటి ఫోటోలు తీశాడు. వాటిని ఎవరెవరికో పంపాడు. వాళ్ళేమన్నారో చదువుకున్నాడు. అంతసేపూ నేను ఆ కప్పులోకే చూస్తూ కూర్చున్నాను. ఆకు చెక్కుచెదరలేదు. చెంచాతో ఓ పక్కకి నెడితే మీగడ ముద్దలా జరిగి, మళ్ళీ వచ్చి తన చోట కూర్చుంది. అడుగున కాఫీ చల్లారిపోయింది గానీ పైన నురగకి మాత్రం ఏమీ కాలేదు.

ఇదేం నురగ నాయనా? నురగ అన్నాక పోవాలి. పోతున్నాను, పోతున్నాను అని మనిషిని తొందరపెట్టాలి. నాకు 78 ఏళ్ళొచ్చాయి. అందులో 33 ఏళ్ళు హైస్కూలు పిల్లలకి సైన్సు చెప్పాను. ఫోటో కోసం నురగ ఓపిగ్గా కూర్చోవడం మాత్రం ఇదే చూడ్డం.

మా రోజుల్లో నురగకి అంత తీరిక ఉండేది కాదు. మా అమ్మ రాత్రి పడుకోబోయే ముందు ఇత్తడి ఫిల్టరులో పొడి వేసి, మరిగే నీళ్ళు పోసి మూత పెట్టేది. తెల్లారేసరికి డికాక్షను చుక్క చుక్కగా అడుగుకి దిగి ఉండేది. పాలు పొంగుకొచ్చే అదను చూసి దించి, డికాక్షనూ పంచదారా వేసి, గ్లాసులోంచి గిన్నెలోకి, గిన్నెలోంచి గ్లాసులోకి చెయ్యి సాగినంత ఎత్తు నుంచి పోసేది. మూడుసార్లు. రెండుసార్లకే ఆపితే పంచదార కరగదు, నాలుగోసారి పోస్తే వేడి పోతుంది. మూడోసారికి గ్లాసు అంచు దాటి నురగ లేచేది. అంచు పొడుగునా పెద్ద బుడగలు, మధ్యలో ఆవాల్లాంటి సన్న బుడగలు. గ్లాసు చేతికిచ్చి, "నురగ ఉండగానే తాగు" అనేది. చెవి దగ్గర పెట్టుకుంటే చిటచిటమని వినపడేది, ఒక్కో బుడగా పోతున్న చప్పుడు. నురగ ఉందంటే కాఫీ వేడిగా ఉన్నట్టు, ఇప్పుడే కలిపినట్టు, నీ కోసం ఒక మనిషి నిలబడి పోసినట్టు. నురగ పోయిందంటే నువ్వు ఆలస్యంగా వచ్చినట్టు. ఇంక ఆ కాఫీ ఎవరూ వెచ్చబెట్టరు. మా అన్నయ్య పేపరు ముందు పెట్టుకుని కూర్చుని రోజూ నురగ చచ్చిన కాఫీయే తాగేవాడు, రోజూ తిట్లు తినేవాడు.

మీకు నురగ అంటే అలంకారం. మాకు అది కబురు. ఇంట్లోనూ కళ్ళంలోనూ నూతి దగ్గరా దేని మీద నురగ కట్టినా అది మాకేదో చెప్పేది. చెప్పేసి వెళ్ళిపోయేది.

పాల సంగతే చూడు. తెల్లవారుజామున మా నాయనమ్మ గేదె దగ్గర గొంతుకూర్చుని దూడని విడిచేది. అది నాలుగు గుటకలు తాగి తలతో పొదుగుని కుమ్మేసరికి గేదె చేపేది. అప్పుడు దూడని లాగి కట్టేసి, మోకాళ్ళ మధ్య చెంబు ఇరికించుకుని పితికేది. నేను పక్కన నిలబడి వినేవాణ్ణి. మొదటి ధారలు చెంబు అడుగుకి తగిలి జంయ్ జంయ్‌మనేవి. కాసేపటికి పాల మీద పాలు పడి చప్పుడు బరువెక్కేది. ఆ తరవాత నురగ లేచి, ధార నురగలోకి దిగుతుంటే సుయ్ సుయ్‌మని మెత్తబడేది. చెంబులోకి చూడకుండానే, ఆ చప్పుడు బట్టి ఎంత నిండిందో మా నాయనమ్మ చెప్పేసేది. పితకడం కాగానే పొయ్యి ఎక్కించకుండా ఓ గ్లాసెడు గుమ్మపాలు నా నోటికి పెట్టేది. గోరువెచ్చగా, గడ్డి వాసనతో, పైపెదవి మీద తెల్లటి మీసం మిగిల్చేవి. ఆ మీసం తుడుచుకోకుండా బడికి పోయిన రోజులున్నాయి.

ఇప్పుడు చల్లటి ప్యాకెట్టు మూల కత్తిరించి ఒంపుకుంటున్నారు. నురగా లేదు, వాసనా లేదు, చప్పుడూ లేదు. సరే, పచ్చిపాలలో రోగాల సూక్ష్మజీవులుంటాయనీ, కాచే తాగాలనీ క్లాసులో పిల్లలకి చెప్పింది నేనే. చెప్పినందుకు బాధ లేదు. గుమ్మపాలు పోయినందుకు బాధ ఉంది. రెండూ నిజమే.

అలాగని అప్పటి నురగంతా సత్యహరిశ్చంద్రుడని కూడా అననులే. పాడి లేని రోజుల్లో మాకు పాలు పోసే మనిషి ఉండేవాడు. ఎత్తి పోస్తే సోలలో సగం నురగే నిండేది. మా నాయనమ్మ గిన్నె పట్టేది కాదు. "నురగ దిగనీ, తరవాత కొలు" అని గడప మీద కూర్చునేది. అతను నిలబడేవాడు, ఆవిడ కూర్చునేది, ఇద్దరూ ఊళ్ళో కబుర్లన్నీ చెప్పుకునేవారు. ఈలోగా నురగ దిగిపోయి పాల మట్టం ఎక్కడుందో బయటపడేది. అప్పుడతను నోరెత్తకుండా కొసరు పోసేవాడు. మోసం ఉండేది, నిజమే. ఆ మోసానికి ఆయుష్షు ఓ పావుగంట.

నురగని చదవడంలో అసలైన పండితులు మా ఊళ్ళో బెల్లం వండేవాళ్ళు. మాది అనకాపల్లి దగ్గర పల్లె. సంక్రాంతి ముందూ వెనకా ఊరంతా చెరకు పాకం వాసనేసేది. రసం పెద్ద ఇనుప పెనంలోకి ఎత్తి, కింద ఎండిన చెరకు పిప్పి ఎగదోసేవారు. రసం వేడెక్కుతుండగా బెండ మొక్కల కాడలు దంచి నీళ్ళలో పిసికిన జిగురు పోసేవారు. ఆ జిగురు రసంలో ఉన్న నలకనీ మట్టినీ పోగేసుకుని పైకి లేచేది. నల్లటి తెట్టులా కట్టేది. దాన్ని చిల్లుల గరిటెతో తీసి పారేసేవారు. ఇది మొదటి నురగ, ఇది పనికిరాదు. తరవాత రసం మరుగు పట్టి, తెల్లటి నురగ పెనం అంచు దాకా ఎగదన్నుకొచ్చేది. అప్పుడు బెల్లం వండే పెద్దాయన పక్కన పెట్టుకున్న ముంతలోంచి వేళ్ళతో రెండు చుక్కలు ఆముదం చిలకరించేవాడు. రెండే రెండు చుక్కలు. ఏనుగంత పొంగు గుండె ఆగినట్టు చతికిలబడిపోయేది. నూనె చుక్క బుడగ పొర మీద పరుచుకుని ఆ పొరని పలచబరిచి తెంపేస్తుందని పెద్దయ్యాక చదువుకున్నాను. ఆ రోజున మాత్రం ఆయన చేతిలో మంత్రం ఉందనుకున్నాను.

మూడో నురగ అసలుది. నీరంతా ఇగిరి, పసుపు కలిసిన ఎర్రటి రంగులో, చిన్న చిన్న బుడగలు ఒకదాన్నొకటి నెట్టుకుంటూ, చిక్కగా, బరువుగా తెమిలేది. ఆయన పెనం మీదికి వంగి, కళ్ళు చికిలించి ఆ బుడగల్నే చూసేవాడు. పక్కవాళ్ళు మాట్లాడితే చెయ్యెత్తి ఆపేవాడు. కాస్త పాకం తీసి చన్నీళ్ళ గిన్నెలో వేసి, వేళ్ళతో ఉండ చేసి గిన్నె అంచుకి విసిరితే టంగుమనాలి. అన్నదా, "దించండ్రా!" అని అరిచేవాడు. నలుగురు మనుషులు పరుగున వచ్చి పెనం దించేవారు. ఒక్క నిమిషం ఆలస్యమైతే బెల్లం మాడుతుంది, ముందే దించితే దిమ్మ కట్టదు. పాకం ఆ అదనుకి వచ్చేసరికి వేడి దాదాపు 118 డిగ్రీల సెల్సియస్ ఉంటుందని పుస్తకాలు చెబుతాయి. ఆయన పుస్తకం చదవలేదు, థర్మామీటరు చూడలేదు. నురగ చూశాడు.

ఇప్పుడు బెండ జిగురు పిసికే ఓపిక ఎవరికుంది? చాలాచోట్ల హైడ్రోసు అనే రసాయనం కలిపేస్తున్నారు. మురికి పైకి తేలక్కర్లేదు, తెట్టు తియ్యక్కర్లేదు, రంగు మాత్రం పసుపుపచ్చగా నిగనిగలాడుతుంది. మీరేమో బజార్లో నల్లబెల్లం చూసి మొహం తిప్పుకుని, ఆ తళతళలాడేది కొనుక్కొస్తారు. తెట్టు కట్టించి తీసి పారేసిన బెల్లం నల్లగా ఉన్నా శుభ్రమైందని మీకెవరు చెప్పాలి?

ఇక కుంకుళ్ళు. శనివారం అంటే మాకు తలంటు. మా అమ్మ కుంకుడుకాయలు రాతి మీద పెట్టి కొట్టి, నల్లటి గింజలు తీసి మాకు ఆటకిచ్చేది. తొక్కలు వేణ్ణీళ్ళలో నానేసి పిసికేది. మొదట జిగట, తరవాత ఇంత లేత తేనెరంగు నురగ. గిన్నె పొర్లి నేల మీదికి దిగేది. తలమీద నూనె అరచేత్తో టపటపా కొట్టి ఇంకించాక, ఆ కుంకుడుకాయ పులుసు పోసి రుద్దేది. "కళ్ళు మూసుకో" అని ఆవిడ అనడమూ, నేను తెరవడమూ ఒక్కసారే జరిగేవి. మంట! చింతనిప్పుల్లా ఎర్రబడ్డ కళ్ళతో, ఒళ్ళంతా నురగతో, వీధిలోకి పరిగెత్తబోతే జుట్టు పట్టుకుని లాగి, నాలుక మీద ఉప్పుకల్లు పెట్టేది. ఉప్పుకీ కంటిమంటకీ సంబంధమేంటో ఇన్నేళ్ళు సైన్సు చెప్పిన నేను ఈనాటికీ వివరించలేను. మంట మాత్రం తగ్గినట్టే ఉండేది.

కుంకుడు చెట్టుకి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు సాపిండస్. ఇండియా సబ్బు అని దాని అర్థం. తొక్కలో ఉండే సాపోనిన్లు నీళ్ళతో కలిసి నురగ కడతాయి. పట్టుచీరలు దాంట్లోనే జాడించేవారు, నగలు దాంట్లోనే నానేసి మెరుగు తెచ్చేవారు. ఇంకో సంగతి. మా పెరటి నూతిలో నీళ్ళు ఉప్పవి. ఆ నీళ్ళకి సబ్బు విరిగిపోయి తెల్లటి పాచిలా తేలేదే గానీ నురగ కట్టేది కాదు. సున్నం జాతి లవణాలు ఎక్కువున్న నీళ్ళలో సబ్బు పని అంతే. కుంకుళ్ళకి ఆ పట్టింపు లేదు, ఉప్పు నీళ్ళలోనూ నురగొచ్చేది. కొత్త కోడలు ఊళ్ళో అడుగుపెడితే ఏ నుయ్యి ఎలాంటిదో ఎవరూ చెప్పక్కర్లేదు. సబ్బు రుద్ది చూసుకునేది. నురగ కట్టిన నూతి నీళ్ళు పప్పుకి, కట్టనివి గిన్నెలు తోముకోడానికి. నురగ రాని నీళ్ళలో కందిపప్పు ఎంతకీ ఉడకదు మరి. ఇప్పుడు నీళ్ళు ఎక్కణ్ణుంచి వస్తాయో తెలీదు, గోడకి తగిలించిన మిషన్లోంచి వస్తాయంతే.

గెడ్డం సబ్బు గురించి పెద్దగా చెప్పను, కోపమొస్తుంది. గిన్నెలో బ్రష్షు తిప్పి తిప్పి, చెంప మీద గుండ్రంగా రాస్తుంటే మెల్లిగా పుట్టేది నురగ. ఇప్పుడు డబ్బా మీట నొక్కితే బుస్సుమని అరచేతిలో నిమ్మకాయంత పడుతుంది. పుట్టడం కనపడని నురగ నాకొద్దు.

నువ్వు ఎప్పుడైనా నేపాళం కాడతో బుడగలూదావా? ఊది ఉండవు. కంచెల్లో ఎక్కడ పడితే అక్కడ ఉండేది ఆ మొక్క, అడవి ఆముదం అని కూడా అంటారు. ఆకు తొడిమని సగం తుంచి, తెగిపోకుండా నెమ్మదిగా వంచితే, ఆ రెండు ముక్కల మధ్యా పాలలాంటి రసం పొరలా సాగుతుంది. దాని మీద మెల్లిగా ఊదాలి. గట్టిగా ఊదితే చిట్లుతుంది, పిసరంత ఊదితే లేవదు. కుదిరిందంటే వరసగా నాలుగైదు బుడగలు లేచి కంచె దాటి పోయేవి. ఆ రసం చొక్కాకి అంటితే ఏ సబ్బుకీ పోని గోధుమరంగు మరక. ఆ మరకకి నేను తిన్న దెబ్బలు ఒకటీ రెండూ కావు. గింజలు విషం, నోట్లో పెట్టకూడదని కూడా ఆ దెబ్బలతో పాటే నేర్చుకున్నాను.

తరవాతెప్పుడో మాస్టార్నయ్యాక, ఆ బుడగని క్లాసులో సబ్బునీళ్ళతో చేసి చూపించేవాణ్ణి. గ్లాసు అంచుకి సబ్బు పొర పట్టించి, కిటికీ వెలుగుకి నిలువుగా పట్టుకుంటే రంగులు కనిపిస్తాయి. ఎరుపు, ఆకుపచ్చ, ఊదా, అడ్డచారలుగా. నీరు కిందికి జారుతున్నకొద్దీ చారలన్నీ కిందికి దిగుతాయి. పొర ముందు వైపు నుంచీ వెనక వైపు నుంచీ తిరిగొచ్చిన వెలుగులు కలిసి కొన్ని రంగుల్ని పెంచుతాయి, కొన్నిటిని మింగేస్తాయి. చూస్తూ ఉండగా పైన ఒక నల్లటి మచ్చ పుడుతుంది. చిల్లు పడిందేమో అనిపిస్తుంది. చిల్లు కాదు, పొర అక్కడ మరీ పలచనైపోయి వెలుగుని ఇంక వెనక్కి పంపలేకపోతోంది. న్యూటన్ ఆ నల్లమచ్చల్ని చూసి 1704లో అచ్చేసిన ‘ఆప్టిక్స్‌’లో రాశాడు. "ఇప్పుడు ఎవరూ ఊపిరి వదలకండి" అనేవాణ్ణి. అరవై మంది పిల్లలు, పక్క క్లాసులో లెక్కల మాస్టారి గొంతు తప్ప చప్పుడు లేదు. నల్లమచ్చ పెద్దదయ్యేది, పెద్దదయ్యేది, ఉన్నట్టుండి గ్లాసు అంచున ఏమీ ఉండేది కాదు. "హా" అని అరవై గొంతులూ ఒక్కసారి. నా ఉద్యోగంలో నేను మరిచిపోలేని చప్పుడు అదే. ఇప్పుడు అదే పాఠం తెర మీద వేస్తున్నారట, పగిలే చోట ఆపి వెనక్కి తిప్పి మళ్ళీ చూపిస్తారట. మళ్ళీ చూపిస్తే ఊపిరి ఎందుకు బిగపడతారు?

బెల్జియంలో ప్లాటో అని ఒకాయన ఉండేవాడు. నడివయసులో చూపు పోయింది. చూపు పోయాకే ఆయన సబ్బు పొరల మీద ఎన్నో ఏళ్ళు పని చేశాడు. ఆయన చెప్పినట్టు ప్రయోగాలు చేసి, ఏం కనిపించిందో ఇంట్లోవాళ్ళూ తోటివాళ్ళూ చెబుతుంటే వినేవాడు. నురగలో పొరలు ఎప్పుడూ మూడేసి చొప్పునే కలుస్తాయనీ, ఆ కలిసే చోట మధ్య కోణం 120 డిగ్రీలనీ 1873లో పుస్తకం వేశాడు. కుంకుడు గిన్నెలో చూసినా అంతే, పాల చెంబులో చూసినా అంతే. కళ్ళు లేనాయన నురగని అంత చూశాడు. కళ్ళున్న మీరు ఫోటో తీసి పక్కన పడేస్తున్నారు.

మన పెద్దలకి నురగంటే లోకువ ఉండేది కాదు. భారతం ఉద్యోగపర్వంలో వృత్రుడి కథ ఉంది. తడిదానితో గానీ పొడిదానితో గానీ, రాతితో గానీ కర్రతో గానీ, పగలు గానీ రాత్రి గానీ తనని చంపకూడదని వాడు మాట తీసుకుంటాడు. ఇంద్రుడు సంధ్యవేళ సముద్రం ఒడ్డున కొండంత నురగ చూస్తాడు. ఇది తడీ కాదు, పొడీ కాదు. దాన్ని వజ్రంతో కలిపి వాడి మీద విసురుతాడు, విష్ణువు ఆ నురగలో ప్రవేశించి వృత్రుణ్ణి చంపుతాడు. మా నాయనమ్మ ఈ కథ చెప్పినప్పుడల్లా నేను అడిగేవాణ్ణి, అంత మెత్తటి నురగతో ఎలా చచ్చాడని. "మెత్తటిదని వాడూ అనుకున్నాడు" అనేది. కుంభకోణం దగ్గర తిరువలంచుళిలో తెల్ల వినాయకుడున్నాడు. ఆ విగ్రహం సముద్రపు నురగతో అయిందని నమ్మకం. అందుకే ఆయనకి అభిషేకం చెయ్యరు, పచ్చకర్పూరం పొడి చల్లుతారు. మూలికల కొట్టులో సముద్రపు నురుగు అని అడిగితే ఓ తెల్లటి తేలికైన ముక్క ఇస్తారు. అది నురగ కాదు, కణవ చేప లోపలి ఎముక. ఒడ్డున దొరికే తెల్లటిదేదైనా నురగేనని నమ్మిన మనుషులు పెట్టిన పేరు అది. వాళ్ళని నేను తప్పు పట్టను.

ఇక అసలు గోడు. మా పెద్దాడు బెంగళూరులో బెల్లందూరు వైపు ఇల్లు కొన్నాడు. ఆ చుట్టుపక్కల తెలుగువాళ్ళు బోలెడు మంది, కూరగాయల బండి దగ్గర కూడా తెలుగే. ఓ వానాకాలం నేనూ మీ మామ్మా వెళ్ళాం. చెరువు పక్కనుంచి కారులో పోతుంటే, తెల్లటి ముద్దలు గాల్లో ఎగురుతూ వచ్చి అద్దానికి అతుక్కున్నాయి. మీ మామ్మ "అయ్యో, దూది!" అంది. దూది కాదు, నురగ. చెరువు నీళ్ళు కట్ట దాటి దూకే చోట మనిషెత్తు లేచి, రోడ్డు మీదికి పొర్లుతోంది. అడ్డంగా వలలు కట్టారు. కంపు చెప్పలేను. లక్షల ఇళ్ళ సబ్బునీళ్ళు, శుద్ధి చెయ్యని మురుగు అంతా చెరువులోకి దిగి, దూకే చోట చిలకబడి నురగ కడుతోంది. 2015 మేలో ఆ నురగ అంటుకుని మండింది కూడా. నీటి మీద నురగ మంటలు! వృత్రుడికి కూడా ఇది తోచలేదు.

అప్పుడు నాకు కోపం కన్నా దుఃఖం వచ్చింది. జీవితమంతా నురగని చూసి మురిసినవాణ్ణి, కారు అద్దం ఎక్కించుకుని కూర్చున్నాను. 1960ల్లో అమెరికాలోనూ యూరప్‌లోనూ ఇలాగే నదుల మీద నురగ కొండలు లేస్తే, అక్కడి కంపెనీలు డిటర్జెంటు అణువు తీరు మార్చి, సూక్ష్మజీవులు తినగలిగే రకం తయారుచేశాయి. ఆ రకమే మనకీ వచ్చింది. కానీ తినడానికి సూక్ష్మజీవులకి గాలీ సమయమూ కావాలిగా, ఆ చెరువుకి రెండూ ఎక్కడివి? పైగా బట్టలు ఉతికేది నురగ కాదని నేను క్లాసులో చెప్పిన మాటే. మురికిని పట్టి లాగేది సబ్బు అణువు, నురగ దాని వెంట వచ్చే సందడి. ముందు తలుపున్న వాషింగ్ మిషన్లకైతే నురగ తక్కువొచ్చే పొడే వెయ్యాలి. అయినా ప్రకటనల్లో బకెట్టు పొర్లేంత నురగ చూపిస్తే తప్ప మీకు నమ్మకం కుదరదు. మా చాకిరేవులో బానలో చవిటి మట్టితో ఉడకేసిన బట్టలు నురగ లేకుండానే మల్లెపువ్వులయ్యేవి.

ఇంటికొచ్చి చూస్తే పరుపు కూడా నురగే. ఫోం పరుపు. 1937లో జర్మనీలో ఒట్టో బేయర్ కనిపెట్టిన పాలీయురెథేన్ వల్ల వచ్చిన సౌకర్యం. బుడగలన్నీ పగలకుండా గడ్డకట్టించేశారు. మా బూరుగు దూది పరుపు రెండేళ్ళకోసారి గట్టిపడేది. దూది ఏకేవాడు వచ్చి వీధి అరుగు మీద విల్లు మీటుతుంటే, టంయ్ టంయ్‌మని ఊరంతా వినపడేది, దూది మళ్ళీ మేఘంలా లేచేది. ఈ పరుపు గట్టిపడితే ఏం చేస్తారని మా కోడల్ని అడిగాను. పారేస్తాం మావయ్యగారూ అంది. ఎక్కడ? ఆ ఎక్కడకి జవాబు లేదు. పెళ్ళి మండపాల వెనక గుట్టలుగా పడుండే థర్మోకోల్ ముక్కలు కూడా నురగే, నూటికి తొంభై అయిదు పాళ్ళకి పైగా గాలే. ముట్టుకుంటే ఏమీ లేదన్నట్టుంటుంది, నా ముని మనవల దాకా ఉంటుంది.

ఇదంతా ఓ సాయంత్రం మీ మామ్మ దగ్గర ఏకరువు పెడుతున్నాను. ఆవిడ చిక్కుడుకాయలు తుంచుకుంటూ వింది. ఫిల్టరు కాఫీ అయింది, కుంకుళ్ళయ్యాయి, కవ్వం దాకా వచ్చాను. ఆవిడ తలెత్తకుండా, "నురగ మీది, చెయ్యినొప్పి మాది" అంది. మళ్ళీ చిక్కుడుకాయల్లో పడిపోయింది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మా అమ్మ కుడి మణికట్టు చివరి రోజుల్లో తిరిగేది కాదు. ఎందుకని మేం ఎవ్వరం అడగలేదు. చల్ల కుండ ముందు కవ్వపు తాడు లాగీ లాగీ, కుంకుళ్ళు పిసికీ పిసికీ, ఇంటిల్లిపాదికీ తలో గ్లాసూ మూడేసిసార్లు ఎత్తి పోసీ పోసీ. బెల్లం వండే పెద్దాయన ముంజేతుల నిండా కాలిన మచ్చలుండేవి. నేను నురగ వంక చూశాను, ఆ చేతుల వంక చూడలేదు. అయినా అప్పటి నురగ మంచిదనే అంటాను, ఆ మాట వెనక్కి తీసుకోను. దాన్ని పుట్టించే పని అందరికీ పంచలేదు, అది మా తప్పు.

మర్నాటి నుంచి పొద్దుటి కాఫీ నేనే పోస్తున్నాను. మొదటి వారం స్టవ్వు మీదా, లుంగీ మీదా ఒలికింది. ఎత్తు పెంచితే ధార పక్కకి పోతుంది, తగ్గిస్తే నురగ లేవదు. ఇప్పుడు గ్లాసు అంచు దాకా తేగలుగుతున్నాను. మీ మామ్మకిచ్చి, నురగ ఉండగానే తాగు అంటాను. తాగి, "పంచదార తక్కువైంది" అంటుంది. నురగ సంగతి ఎత్తదు. కానీ గ్లాసు అందుకోగానే ఒక్కసారి చెవి దగ్గర పెట్టుకుంటుంది, నేను చూశాను.

ఒరేయ్, వచ్చే శనివారం నువ్వు రా. అరకిలో కుంకుళ్ళు తెప్పించి ఎండలో పోశాను. రాతి మీద కొట్టడం నా పని, గింజలు ఏరడం, పిసకడం నీ పని. నురగ గిన్నె దాటి పొర్లేదాకా పిసకాలి, మధ్యలో చెయ్యి నొప్పి అంటే ఊరుకోను. ఫోను గడప లోపలే పెట్టి రా, తడిసిపోతుంది. కళ్ళు మూసుకోమన్నప్పుడు మూసుకో. ఎలాగూ మూసుకోవు గనక ఉప్పుకల్లు గూట్లో సిద్ధంగా పెడతాను.